నాదస్వర విద్వాంసుడు షేక్ చిన మౌలానా

తెలుగునాట కొండవీడను మాట వినగానే రెండు విషయములు మనసునకు వచ్చును. ఒకటి రెడ్డిరాజుల దుర్గము, రెండవది చాంతాడు. కొండమీది బావులు మిక్కిలి లోతైనవి గనుక నీరు తోడుటకు అంతులేని త్రాడు కావలసివచ్చెడిదని లోకప్రతీతి. ఎంతకును తెగని ఉపన్యాసమును, ముగియని చిట్టాను కొండవీటి చాంతాడుతో పోల్చి నవ్వుకొనుట మనవారికి పరిపాటి. కాని ఆ సామెతను నవ్వుటకు గాక మెచ్చుటకు వాడదగిన పురుషుడొకడు ఆ కొండల దాపుననే విద్య గడించెను. రాగము నెత్తుకొని ఎంతసేపు సాగించినను, వినువారికి ఇంకను త్రాడు చాలలేదే యనిపించునంతటి ఊపిరి ఆయనది. ఆయనయే నాదస్వర విద్వాంసుడు షేక్ చిన మౌలానా సాహెబు.

కొండవీటికిని సంగీతమునకును సంబంధము క్రొత్తది కాదు. పెదకోమటి వేమారెడ్డి కొండవీటిని ఏలుచు, శ్రీనాథుని విద్యాధికారిగ నిలుపుకొనుటయే గాక, సంగీతచింతామణి యను శాస్త్రగ్రంథమునకు కర్తగా ప్రసిద్ధి కెక్కెను. రెడ్ల ప్రభ అణగిన పిమ్మట గజపతుల చేతిలోనికి పోయిన కోటను 1515లో కృష్ణదేవరాయలు గెలిచికొనెను. ఆ శతాబ్దము చివరి భాగమున గోల్కొండవారు దానిని వశపరచుకొని ముర్తజానగరమని పేరు మార్చిరి. రాజులు మారినను, కోట పాడుపడినను, కొండ క్రింది పల్లెలలో దేవుని ఉత్సవములు ఆగలేదు. ఉత్సవమునకు మేళము తప్పలేదు. ఆ మేళమును పట్టినవారిలో మహమ్మదీయ కుటుంబములు పెక్కు. తెల్లవారుజామున కోవెలలో మేలుకొలుపు వాయించి, ఇంటికి పోయి నమాజు చేసికొనుట వారికిని వింత కాదు, ఊరివారికిని వింత కాదు. గుంటూరు, ఒంగోలు ప్రాంతములలో ఈ సంప్రదాయము తరతరములుగ నడచినది. చరిత్రకారులు కోటగోడలను కొలిచినంత శ్రద్ధగా ఈ మేళగాండ్ర వంశములను విచారింపకపోవుట మన దురదృష్టము.

చిన మౌలానా 1924 మే 12వ తేదీన ఒంగోలునకు చేరువనున్న కరవది గ్రామమున జన్మించెను. నేడు ప్రకాశము జిల్లాలోనున్న ఆ గ్రామము నాడు గుంటూరు జిల్లాలోనిది. వారిది అనేక తరములుగ నాదస్వరమే వృత్తిగ గల కుటుంబము. తండ్రి కాసిం సాహెబే తొలిగురువు. ఆ పిమ్మట ఆయన చిలకలూరిపేట చేరి షేక్ ఆదం సాహెబు కడ శిష్యుడయ్యెను. చిలకలూరిపేట కొండవీటి కొండలకు నైరృతి దిక్కున నున్న ఊరు. 2022లో ఏర్పడిన పల్నాడు జిల్లాలో కొండవీడును, చిలకలూరిపేటయు రెండును చేరినవి. ఆదం సాహెబు నాదస్వరమున తనదైన శిష్యపరంపరను నెలకొల్పిన మహావిద్వాంసుడు. చిలకలూరిపేట సంప్రదాయమని సంగీతజ్ఞులు వేరుగ పేర్కొనదగినంతటి పేరు ఆ ఊరికి వచ్చినది ఆయనవలననే.

నాదస్వరమును నేర్చుట ఎంత కష్టమో పెండ్లిలో విని పోవువారికి తెలియదు. అది గట్టి నల్లని కొయ్యతో తొలిచిన పొడుగాటి గొట్టము. పైన సన్నమై, క్రిందికి పోనుపోను వెడల్పై, చివర గంటవలె విప్పారి యుండును. ఊదుకొనచోట జీవాళి యని రెల్లుజాతి గడ్డితో చేసిన చిన్న పీక ఉండును. గొట్టముమీద వ్రేళ్లతో మూయుటకు ఏడు రంధ్రములు గలవు. వానికి దిగువనున్న మరి యైదింటిని మైనముతో మూసియు తెరచియు శ్రుతిని సరిచేసికొందురు. హార్మోనియమున నొక్కినచోట నొక్కిన స్వరము పలుకును. వీణకు మెట్లు గలవు. నాదస్వరమున అట్టి ఆధారమేదియు లేదు. ఒకే రంధ్రముపై వ్రేలిని పూర్తిగ ఎత్తినచో ఒక స్వరము, సగమెత్తినచో వేరొకటి; ఊపిరి బిగువు పెంచినచో ఇంకొకటి. పెదవి, నాలుక, వ్రేలు, గుండె, ఈ నాలుగును ఒక్కటియైననే గాని శుద్ధస్వరము రాదు. మేళగాండ్ర పిల్లలు సాధారణముగ తాళము వేయుటతోను, శ్రుతి పట్టుటతోను ప్రారంభింతురు. పెద్దల ప్రక్కన నిలిచి, ఉత్సవము సాగినంతసేపు ఒక్క స్వరమునే ఊది ఊది, ఆ స్వరము చెవిలో స్థిరపడిన పిమ్మటనే చేతికి వాద్యము వచ్చును. పుస్తకములు లేవు, పలకలు లేవు. బడిపిల్లలు దీనిని గమనింపదగును: వారి బడి వీథి, వారి పరీక్ష ఊరేగింపు.

ఆ ప్రాంతపు పరీక్షలలో కెల్ల పెద్దది కోటప్పకొండ తిరునాళ్లు. మహాశివరాత్రినాడు చుట్టుపట్ల పల్లెలనుండి ఆకాశమంటు ప్రభలు కదలివచ్చును. ప్రభ ముందు మేళము. జనసమ్మర్దము, ఎద్దుల మెడగంటలు, కేకలు, దుమ్ము. వాని నన్నిటిని మించి పలుకవలెనన్నచో వాద్యమునకు గొప్ప గొంతు కావలెను. నాదస్వరపు గొంతు అట్టి బయలుకొరకు పుట్టినది. అయితే అట్టిచోట సూక్ష్మమైన గమకమును వినువా రెవరు? పెండ్లిపందిరిలో సంగతి ఇంకను విషాదము. విద్వాంసుడు కల్యాణిని మెల్లమెల్లగా విప్పుచు పైషడ్జమమును చేరబోవు క్షణముననే, పురోహితుడు వ్రేలెత్తి గట్టిమేళమనును. అంతటితో రాగము తెగి, డోలు ఉరుమును. మంగళసూత్రధారణ సమయమున అశుభమైన మాట యేదియు చెవిని బడకుండుటకు ఏర్పడిన ఆచారమది. తప్పు పట్టదగినది కాదు. కాని వాయించువాని వైపునుండి చూచినచో, జీవితమంతయు సగము సగము రాగములుగ గడచిపోవుటయే. వ్యంగ్యముగ దెప్పుటకు సన్నాయి నొక్కులని మన భాషలో పేరు పడినది గాని, అసలు నొక్కులను ఆలకించినవారు ఎందరు?

ఈ లోటును తీర్చుటకు దక్షిణమున ఒక మహాపురుషుడు అప్పటికే పూనుకొనియుండెను. ఆయన తిరువావడుదురై రాజరత్నం పిళ్ళై. 1898లో జన్మించిన ఈ విద్వాంసుడు తంజావూరు మండలపు నాదస్వరమునకు చక్రవర్తివంటివాడు. అంతకుముందు వాడుకలోనున్న తిమిరి యను పొట్టి వాద్యము హెచ్చు శ్రుతిలో పలుకును. రాజరత్నం పిళ్ళై నరసింగంపేట శిల్పిచేత పొడుగైన వాద్యమును చేయించి, శ్రుతిని దించి, గంభీరమైన నాదమును సాధించెను. మేళగాడు పై బట్ట లేక, నిలుచుండి వాయింపవలెనను కట్టుబాటును ఆయన త్రోసివేసెను. కోటు తొడిగి, వేదికపై కూర్చుండి, గాయకులతో సమానముగ కచేరి చేసెను. ఆయన తోడి రాగము గ్రామఫోను రికార్డుపై ఊరూర మ్రోగినది. పూర్వాచారపరులకు ఇది యంతయు అహంకారముగ తోచియుండవచ్చును; విద్యకు అది ఆత్మగౌరవము.

చిన మౌలానాకు రాజరత్నం పిళ్ళై ఆరాధ్యుడయ్యెను. ఆయన జీవితమున ముఖ్యమైన మలుపు ఇక్కడ నున్నది. తండ్రి నేర్పిన విద్య చేతిలో నున్నది. ఆదం సాహెబువంటి గురువు పేరు వెనుక నున్నది. తెలుగుదేశమున పెండ్లిండ్లకును, ఉత్సవములకును కొరత లేదు. అంతటితో తృప్తి పడియున్నచో సుఖముగ కాలము గడచెడిదే. ఆయన అట్లు చేయలేదు. తెలియని భాష మాటలాడు నాడునకు పోయి, కుంభకోణమునకు చేరువనున్న నాచ్చియార్‌కోయిలులో రాజం, దొరైకణ్ణు సోదరుల కడ మరల శిష్యుడుగ కూర్చుండి తంజావూరు బాణిని అభ్యసించెను. విద్య రానివాడు నేర్చుట సులభము. ఒక తీరున ఆరితేరిన వ్రేళ్లను, ఒక తీరునకు అలవడిన ఊపిరిని విప్పి మరల కట్టుకొనుట చాల కష్టము. తాను రేయింబవళ్లు సాధించినదానిని తానే పరీక్షకు పెట్టుకొనవలెను. నలుగురును మెచ్చినదానిని కొంత విడువవలెను. చిలకలూరిపేట విద్యను ఆయన త్రోసిపుచ్చలేదు. ఆ పునాదిమీదనే తంజావూరు రాగాలాపనను నిలిపెను. రెండు నదులు కలిసినచోట నీటికి రెండు రంగులు కనిపించును గాని, కొంత దూరము పోయిన పిమ్మట ఏ నీరు ఏ నదిదో చెప్ప శక్యము కాదు. ఆయన వాదనము అట్టిది.

ఈ విద్వాంసుని గొప్పతనమును గ్రహించుటకు, మేళము నడచు తీరును కొంత తెలిసికొనవలెను. మేళము చాల చిన్నది. ఇద్దరు నాదస్వరము, డోలు ఒకటి లేక రెండు, శ్రుతి, తాళము, ఇంతే. ఎదుట కాగితము లేదు. కీర్తన ఏదో నిశ్చయమే గాని, దానికి ముందు ఆలపించు రాగము ఎంతసేపు, ఏ దారిని పోవునో పోవువరకు ఎవరికిని తెలియదు. ముఖ్యవిద్వాంసుడు ఒక పలుకు పలికినచో రెండవవాడు దానిని అందుకొని మరియొక అడుగు వేయును. డోలువాడు ఒకవైపు కర్రతోను, ఒకవైపు తొడుగులు ధరించిన వ్రేళ్లతోను ఆ పలుకునకు జవాబు చెప్పును. నిన్న వాయించిన తోడి నేటి తోడి కాదు. మనోధర్మమని శాస్త్రజ్ఞు లనునది ఇదియే.

ఇట్టి సంగీతము మనకే పరిమితమని తలపరాదు. అమెరికాలో నీగ్రోజాతివారు సృష్టించిన జాజ్ సంగీతమునకును ప్రాణము అప్పటికప్పటి కల్పనయే. ఆ సంగీతమున శాక్సఫోను వాయించిన జాన్ కోల్ట్రేను 1926లో జన్మించెను. అనగా మన మౌలానాకంటె రెండేండ్లు చిన్న. 1961 నవంబరులో న్యూయార్కు నగరమున విలేజ్ వాన్‌గార్డ్ అను చిన్న నేలమాళిగ సభలో ఆయన తన కొద్దిమంది వాద్యగాండ్రతో కొన్ని రాత్రులు వాయింపగా, శ్రోతల యెదుటనే ఆ వాదనమును రికార్డు చేసిరి. మరుసటి యేడు వెలువడిన ఆ రికార్డులో ఒక్క కల్పన పదునారు నిమిషములు సాగి ఒక ప్రక్కనంతయు నాక్రమించినది. అంతటి దీర్ఘాలాపన విని సహింపలేని అమెరికను విమర్శకుడొకడు, ఇది జాజ్ కాదు, జాజునకు విరోధియని ఆ దినములలోనే వ్రాసెను. ఆ రాత్రులలోనే కోల్ట్రేను ఇండియా యను పేరు గల కల్పనను వాయించెను. దానిలో పెద్ద తంత్రీవాద్యములు రెండు మన తంబురవలె శ్రుతిని పట్టియుండగా, దానిపై శాక్సఫోను తిరుగాడును. పండిత రవిశంకరునియందు గల గౌరవముచేత 1965లో పుట్టిన కుమారునకు ఆయన రవి యని పేరు పెట్టుకొనెను. 1967లో నలువదియొకటవ యేడు నిండకయే మరణించెను. ఆయనకును మౌలానాకును గల పోలిక పరిచయమును బట్టి కాదు, పనిని బట్టి. ఊదు వాద్యము, చిన్న మేళము, శ్రోతల ముఖములు, ముందుగ నిర్ణయింపని దారి; చేతికి వచ్చిన విద్యతో తృప్తి పడని మనసు. కోల్ట్రేనునకు రికార్డు తోడైనది. పల్నాటి వీథులలో, శివరాత్రి జాగరణములలో వాయించిన మన పూర్వవిద్వాంసుల రాగములు అప్పటికప్పుడే గాలిలో కలిసిపోయినవి. ఆదం సాహెబు నాటి ఊరేగింపులను ఎవరైన అట్లు రికార్డు చేసియున్నచో మన సంగీతచరిత్ర ఇంకొక విధముగ వ్రాయబడెడిది.

1960 తరువాతి సంవత్సరములలో చిన మౌలానా శ్రీరంగమున స్థిరపడెను. అప్పటి పరిస్థితిని విద్యార్థులు జ్ఞాపకముంచుకొనవలెను. 1952 డిసెంబరులో పొట్టి శ్రీరాములు ఆత్మార్పణము చేసెను. 1953 అక్టోబరు 1న ఆంధ్రరాష్ట్రము ఏర్పడెను. మదరాసు నగరము ఎవరిదను తగవు తెలుగువారి మనసులలోను, తమిళుల మనసులలోను ఇంకను చేదుగనే యుండెను. అట్టి దినములు గడచి కొద్దికాలమే యైనప్పుడు, తెలుగువాడును మహమ్మదీయుడును నైన ఒక విద్వాంసుడు, కావేరీ కొల్లడముల నడుమ రంగనాథుడు పవళించియున్న వైష్ణవక్షేత్రమున కాపురము పెట్టుట సామాన్యమైన సాహసము కాదు. పైగా నాదస్వరము తంజావూరివారి సొత్తు. అక్కడ ప్రతి కోవెలకును దాని విద్వాంసులు, ప్రతి వీథికిని దాని రసికులు. రాగమున ఒక్క ప్రయోగము తప్పినను ఎత్తిచూపగలవారు అరుగులపై కూర్చుండియుందురు. అట్టివారి యెదుట వాయించి వారిచేత తమవాడనిపించుకొనుట ఒక్క దినమున జరుగునది కాదు. ఆయన ఆ పనిని మాటలతో గాక వాద్యముతోనే చేసెను.

ఆయన తన మతమును విడువలేదు. రామునియందును రంగనాథునియందును గల భక్తిని దాచుకొనలేదు. ఈ రెంటికిని పొత్తు కుదుర్చుటకు ఆయన సిద్ధాంతము లేవియు కల్పింపలేదు. త్యాగరాజకీర్తనను వాయించునప్పుడు సాహిత్యమెరిగి, మాట విరుగకుండ వాయించుటయే ఆయన సిద్ధాంతము. ఇచ్చట తెలుగువాడై పుట్టుట ఆయనకు గొప్ప మేలు చేసినది. త్యాగయ్య మాట ఆయనకు పరాయిది కాదు. తమిళదేశపు శ్రోతలు నాదమును విని తలలూపినచోట, దాని వెనుకనున్న తెలుగు పదము ఆయన ఊపిరిలోనే యుండెను. మతసామరస్యమును గూర్చి వేదికలమీద ఉపన్యసించువారు మనకు చాలమంది కలరు. ఆ మాటయే యెత్తక సామరస్యమును వృత్తిగ బ్రతికినవారిని మాత్రము మనము పెండ్లిపందిరి మూలన కూర్చుండబెట్టి మరచిపోవుచుందుము.

గౌరవములకు ఆయనకు లోటు కలుగలేదు. 1977లో భారత ప్రభుత్వము పద్మశ్రీ నిచ్చెను. కేంద్ర సంగీత నాటక అకాడమి పురస్కారమును పొందెను. మదరాసు సంగీత విద్వత్సభ 1998 సంవత్సరమునకు సంగీతకళానిధి బిరుదముతో సత్కరించెను. కర్ణాటక సంగీతమున దానికి మించిన సభాగౌరవము లేదు. అమెరికా, సోవియట్ దేశము, జర్మనీ మొదలగు దేశములకు పోయి వాయించెను. మన గ్రామోత్సవములలో ప్రభ ముందు నడచిన వాద్యము విదేశీయుల సభాభవనములలో నిశ్శబ్దము నడుమ వినిపించినది. రాజరత్నం పిళ్ళై కోరినది ఆ నిశ్శబ్దమే. మౌలానా దానిని అనుభవించెను.

అయితే ఆయన పేరునకు బిరుదములకంటె ఆధారమైనది శ్రీరంగమున స్థాపించిన శారదా నాదస్వర సంగీతాశ్రమము. నాదస్వరము కులవృత్తిగ ఇంటిలోనుండి ఇంటిలోనికి వచ్చునదే గాని, బయటివారు వచ్చి నేర్చుకొనుటకు వీలు తక్కువ. తండ్రి మేళగాడైననే కుమారుడు మేళగాడు. ఇంకొక కష్టమును గలదు. పెండ్లిండ్లలో రికార్డులును, బ్యాండు మేళములును ప్రవేశించిన పిదప, ఆ కుటుంబముల పిల్లలే వేరు జీవనోపాధి చూచుకొనసాగిరి. పది పండ్రెండేండ్లు ఊపిరి ధారవోసి నేర్చినవానికి కూలి దొరకునో లేదో యన్న భయము తల్లిదండ్రులకు కలుగుట సహజము. ఆశ్రమము ఆ భయమునకు పూర్తి మందు కాలేదు. కాని విద్య నేర్పుటకు ఒక చోటును, అడిగినవానికి కాదనక చెప్పు ఒక గురువును ఏర్పడిరి. ఒకప్పుడు భాష తెలియని చోట తానే శిష్యుడుగ కూర్చుండిన మనిషి గనుక, దూరమునుండి వచ్చిన పిల్లవాని బెరుకు ఆయనకు తెలియని సంగతి కాదు.

నాదస్వరము వృద్ధులకు దయ చూపని వాద్యము. గాయకుడు గొంతు తగ్గినను భావముతో నెట్టుకొనిరావచ్చును. వైణికుడు వ్రేలి బలము తగ్గినను మెల్లగ మీటవచ్చును. ఊపిరి తగ్గినచో జీవాళి పలుకదు. అందుచేత తన బాణి ఇతరుల ఊపిరిలో నిలుచుటను కన్నులార చూచుకొనుట ఆయనకు దక్కిన భాగ్యములలో పెద్దది. మనుమలు కాసిం, బాబు ఆయన కడనే నేర్చి, జంటవిద్వాంసులుగ పేరు తెచ్చుకొనిరి. సంగీతకళానిధి గౌరవము వచ్చిన కొలది నెలలకే, 1999 ఏప్రిల్ 13వ తేదీన, డెబ్బదియైదవ యేడు నిండుటకు ఒక నెల తక్కువగ నుండగా చిన మౌలానా కన్నుమూసెను.

ఆయన శిష్యులలో షేక్ మహబూబ్ సుభానీ, కాలీషాబీ దంపతులు గలరు. ఇరువురును తెలుగు మేళగాండ్ర కుటుంబములనుండి వచ్చినవారే. గురువువలెనే శ్రీరంగము చేరి స్థిరపడినవారే. ఆ దంపతులకు 2020లో భారత ప్రభుత్వము పద్మశ్రీ నిచ్చెను. మగవారి చేతులనుండి మగవారి చేతులకే నడచిన ఆ పొడుగాటి నల్లకొయ్య వాద్యమును, కరవది మౌలానా విద్యను గైకొని, ఒక స్త్రీ భర్త ప్రక్కన సమానముగ కూర్చుండి వాయించినది.